టోకెన్లమ్మ తొక్కిపెట్టిన నంబరు

కంటి ఆసుపత్రి చరిత్ర ఎవరైనా రాయదలచుకుంటే, టోకెన్లమ్మ దగ్గులకు ఒక అధ్యాయం కేటాయించక తప్పదు. నంబరు పిలిచేముందు ఆవిడ రెండుసార్లు దగ్గేది. మొదటిది నిద్రపోయేవాళ్లకు, రెండోది చెప్పులు తడుముకునేవాళ్లకు. పదహారేళ్లలో ఈ క్రమం తప్పలేదు. రాజ్యాలకే అంత నిలకడ ఉండదు.

ఆవిడ తత్త్వశాస్త్రంలో ఎమ్మే. ఆ చదువుకు టోకెన్లు పిలిచే ఉద్యోగం దొరికింది. మనిషికి ముందే రాసిపెట్టిన దారంటూ లేదు, తనే ఎంచుకోవాలి, ఎంచుకున్నదానికి పూచీ తనదే అని నలుగురికీ చెప్పాలని ఆవిడ తపన. ఊరికే చెబితే వినరు గనక నాటకం రాసింది. కంట్లో చుక్కలు వేసి కూర్చోబెట్టే గదిని రంగస్థలం చేసుకుంది. చుక్కలు వేయించుకున్నవాళ్లు గంటసేపు కదలరు. మధ్యలో లేచిపోలేని ప్రేక్షకులు ఏ నాటక సమాజానికి దొరుకుతారు?

పెద్దడాక్టరు ఒకే షరతు పెట్టాడు: నంబర్లు ఆగకూడదు.

నాటకంలో ఒకడే మనిషి, ఒకటే తలుపు. వేషం కాంపౌండరుది. తలుపు తియ్యనా వద్దా అని కనబడినవాళ్లందరినీ అడుగుతాడు. ఎవరూ చెప్పరు. చివరికి తనే తేల్చుకోవాలి.

ఒక గురువారం కాంపౌండరు ఎన్నడూ లేనంత బాగా చేశాడు. తలుపు ముందు నిలబడ్డాడు. గదిలో ఊపిరి కూడా వినబడటం లేదు. సరిగ్గా అప్పుడే డాక్టరు గదిలో గంట మోగింది. నలభై ఒకటి వంతు. టోకెన్లమ్మ రెండుసార్లు దగ్గింది. నంబరు మాత్రం పిలవలేదు. ఒక్క నిమిషమే కదా అనుకుంది. నిమిషం నాలుగైంది. ఈలోగా కంట్లో ఇనుపరజను పడిన మనిషినెవరినో తెస్తే, డాక్టరు ఆపరేషను గదికి వెళ్లిపోయాడు. ఆపూట మళ్లీ రాలేదు.

నలభై ఒకటి, చొక్కాలకు కాజాలు కుట్టే ముసలామె. కళ్లు బాగున్నాయని డాక్టరు కాగితం ఇస్తేగానీ పనిలోకి రానివ్వరు. గోడ పట్టుకుని, ఎవరినీ పల్లెత్తు మాట అనకుండా బయటికి నడిచింది. టోకెన్లమ్మను కాల్చింది అదే. నాలుగు తిట్టి పోయినా చెల్లుకు చెల్లు అయ్యేది. ఎవరి దారి వాళ్లే ఎంచుకోవాలని నాటకం రాసిన మనిషి, ఇంకొకరి వంతు తన చేత్తో ఆపింది. పూచీ తనదే అన్న వాక్యాన్ని అంతవరకూ ఇతరుల కోసమే రాశాననుకుంది.

మర్నాడు ముసలామె మళ్లీ చుక్కలు వేయించుకుని కూర్చుంది. టోకెన్లమ్మ వెళ్లి పక్కన చేరింది.

"అమ్మా, నిన్న మీ నంబరు నేనే తొక్కిపెట్టాను."

"తెలుసులే తల్లీ. రెండు దగ్గులూ విన్నా. తర్వాత చడీచప్పుడూ లేకపోతే, దగ్గుమందుకి పోయావేమో అనుకున్నా."

"నాటకం చెడిపోతుందని..."

"నా పని చెడింది. మేస్త్రీ చేత మాటలు పడ్డాను. లేదనను."

"మన్నించమని అడగడానికి కూడా మొహం లేదు."

"ఉన్నా నాకు కనబడదుగా, చుక్కలేశారు. అడుగు."

టోకెన్లమ్మ అడిగింది. ముసలామె తల ఊపింది.

"సరే గానీ, అంత పట్టుబట్టి ఆపావు కదా. ఇంతకీ ఆ అబ్బాయి తలుపు తీశాడా?"

"అదేంటమ్మా, తీశాడుగా. మాటా పలుకూ లేకుండా, మెల్లగా. నాటకానికి ప్రాణమే అది."

"అవునా. పక్కావిణ్ణి అడిగితే తనకీ తెలీదంది."

టోకెన్లమ్మ గదంతా కలియజూసింది. నాటకం మొదలై ఏడాది అయింది. బెంచీల మీద ముప్పై మంది ఉన్నారు. అందరికీ చుక్కలు వేశారు. అందరి కళ్లూ మూసే ఉన్నాయి.