అక్క పెట్టిన వడ్లచుక్క

ఇవాళ బాన్సువాడలో మా పాప పుస్తకాలకు పాత క్యాలెండర్ కాగితంతో అట్టలు వేస్తుంటే మా అక్క గుర్తొచ్చింది. మన తరంవాళ్లకు తెలుసు కదా, క్యాలెండర్ వెనకవైపే అప్పట్లో మన డ్రాయింగ్ పుస్తకం.

ఐదో తరగతిలో అక్క దానిమీద ఒక కొత్త విశ్వాన్ని గీసింది. చుట్టూ ఏడు లోకాలు, నడుమ పచ్చటి నక్షత్రం. పేరు వడ్లచుక్క. దాని వెలుగు చల్లగా ఉంటుందట. దాని కింద ఎంతసేపు నాట్లు వేసినా నడుము నొప్పి పుట్టదట. మా అమ్మ నస్రుల్లాబాద్ పొలాల్లో కూలికి నాట్లు వేసేది.

బడిలో మా ఇద్దరి తరగతులకూ ఒకటే గది. సారు ఆ బొమ్మ చూసి, "గీ చుక్క ఏ పుస్తకంల ఉన్నది?" అని గద్దించారు. అందరూ నవ్వారు.

అక్క లేచింది. "ఏ పుస్తకంల లేదు సార్. మా అమ్మ కోసం నేనే పెట్టిన."

సారు తానే మేకు కొట్టి ఆ బొమ్మను గోడకు తగిలించారు.

సంగతి విని మర్నాడు అమ్మ బురద కాళ్లతోనే బడికొచ్చింది. గడప దగ్గర ఆగి చాలాసేపు చూసింది.

"చూడుండ్రి, గా చుక్క నా బిడ్డ పెట్టింది!"

అమ్మ అంత గట్టిగా మాట్లాడటం నేను వినడం అదే మొదటిసారి.