కీబోర్డుకు లేని నత్తి

నాకు నత్తి ఉంది. ముఖ్యంగా ప, మ, గ, న అక్షరాలతో మొదలయ్యే మాటలు గొంతులోనే ఇరుక్కుంటాయి. బస్సులో కండక్టరు ఎక్కడికని అడిగితే "గుడివాడ" అనలేక "చివరిదాకా" అనేవాణ్ణి. నా అదృష్టం, నేను ఎక్కువగా ఎక్కే బంటుమిల్లి బస్సుకి గుడివాడే ఆఖరు.

ఉద్యోగం కూడా నోటితో పని తక్కువ ఉండేదే చూసుకున్నాను. రెండువేల సంవత్సరం దాటేనాటికి మా వైపు వరిచేలు చాలావరకు చేపల చెరువులు, రొయ్యల చెరువులు అయిపోయాయి. గుడివాడలో చెరువుల నీళ్లు పరీక్షచేసే ఒక చిన్న ల్యాబులో చేరాను. బంటుమిల్లి దాకా వెళ్లి, గట్ల మీద తిరిగి సీసాల్లో నీళ్లు పట్టుకురావడం, ఉప్పు ఎంతుందో, అమ్మోనియా ఎంతుందో చూసి కాగితం మీద రాసివ్వడం. రైతులు మాట్లాడేవాళ్లు, నేను తలూపేవాణ్ణి. నెమ్మదస్తుడని పేరొచ్చింది.

ఇంట్లో సంబంధాలు చూడటం మొదలుపెట్టారు. పెళ్లిచూపులకు బయల్దేరే ముందు మా మావయ్య, అంటే మా అమ్మ తమ్ముడు, నన్ను పక్కకు తీసుకెళ్లి "నువ్వు నోరు తెరవకురా. నవ్వుతూ కూర్చో చాలు. మిగతాది నేను చూసుకుంటా" అనేవాడు. వాళ్లు ఏదైనా అడిగితే తనే అందుకుని "మావాడు మితభాషి అండీ" అనేవాడు. ఒక సంబంధం తాంబూలాల దాకా వచ్చింది. ఈలోగా ఆ అమ్మాయి అన్నయ్య ఒకరోజు నాతో కాసేపు మాట్లాడదామని ల్యాబుకి వచ్చాడు. మర్నాడే వాళ్లింటి నుంచి వద్దని కబురొచ్చింది. అమ్మ రెండు రోజులు అన్నం సరిగ్గా తినలేదు. నాకు మాత్రం, ఎవరికీ చెప్పలేదు గాని, కొంచెం తేలిగ్గా అనిపించింది. లేకపోతే పెళ్లయిన మొదటిరోజే ఆ పిల్లకు తెలిసిపోయేది.

మా ల్యాబు పక్క సందులో అప్పుడే ఒక నెట్ సెంటర్ పెట్టారు. ప్లైవుడ్ చెక్కలతో కట్టిన ఇరుకు గదులు, గదికో కంప్యూటరు, గురగురమనే ఒక్క ఫ్యాను. రొయ్యకు తెల్లమచ్చ తెగులు ఎందుకొస్తుందో చదువుదామని మొదటిసారి వెళ్లాను. పక్క గదిలో ఒకబ్బాయి టైపుచేస్తూ తనలో తానే నవ్వుకుంటున్నాడు. ఏంటని చూస్తే చాట్ రూమ్. తెలుగువాళ్లందరూ చేరి ఇంగ్లీషు అక్షరాల్లో తెలుగు రాసుకుంటున్నారు. నేనూ ఒక మారుపేరు పెట్టుకుని దూరాను.

ఆ రూములో అందరూ అమెరికాలోనే ఉండేవాళ్లు. అందరూ ఆరడుగుల వాళ్లే. ఆడపేరు కనిపిస్తే చాలు, పదిమంది మీద పడిపోయేవాళ్లు. అలాంటి గోలలో ఒక పువ్వు పేరు పెట్టుకున్న మనిషి నన్ను అడిగింది.

"నిజంగా గుడివాడేనా? లేక మీరు కూడా కాలిఫోర్నియా నుంచి గుడివాడ మీద బెంగ పెట్టుకున్నారా?"

"గుడివాడేనండీ. కావాలంటే ఇక్కడి దోమల్ని లెక్కపెట్టి చెప్తాను."

"అక్కర్లేదు. మా బందరు దోమలు మీవాటికి పెద్దక్కలు."

అలా మొదలైంది. ఆవిడ మచిలీపట్నంలో ఒక కంప్యూటర్ ఇన్‌స్టిట్యూట్‌లో పాఠాలు చెప్పేది. మధ్యాహ్నం బ్యాచికీ సాయంత్రం బ్యాచికీ మధ్య ఖాళీ దొరికేది. ఆ వేళకు నేను భోజనం గబగబా ముగించి నెట్ సెంటర్లో కూర్చునేవాణ్ణి. చెరువు రైతుల కబుర్లు, మా ల్యాబు ఓనరు పిసినారితనం, ఏది పడితే అది రాసేవాణ్ణి. మాట నోటిదాకా వచ్చి ఆగిపోవడం అలవాటైన నాకు, అనుకున్నది అనుకున్నట్టు తెరమీదకు వెళ్లిపోతుంటే ఎలా ఉండేదో చెప్పలేను. ఒకరోజు ఆవిడ "మీరు భలే మాట్లాడతారండీ" అని రాసింది. ఆ మాట నాతో అంతవరకు ఎవరూ అనలేదు.

నెల తిరిగేలోపే నా సంగతి చెప్పేశాను. పెళ్లిచూపుల్లో మావయ్య దాచిపెట్టిన తీరు గుర్తొచ్చి, ఇక్కడ కూడా అదే జరగకూడదనుకున్నాను.

"నాకు నత్తి అండీ. మాట్లాడితే ఒక్కో మాటకు చాలాసేపు పడుతుంది."

"ఇంత వాగే మనిషికి నత్తా!" అని రాసి, వెనకాలే నవ్వు బొమ్మలు పంపింది. "ఈ రూములో ఎత్తు పెంచుకునేవాళ్లను చూశాను, జీతం పెంచుకునేవాళ్లను చూశాను. లేని నత్తి తెచ్చిపెట్టుకున్నవాణ్ణి మిమ్మల్నే చూస్తున్నాను."

నిజమేనని రెండుసార్లు రాశాను. రెండుసార్లూ నవ్వింది. మూడోసారి రాయలేదు.

తర్వాత కొన్నాళ్లకు కలుద్దామని తనే అడిగింది. బందరులో అయితే తన స్టూడెంట్లు చూస్తారు, గుడివాడలో అయితే మా చుట్టాలు. మధ్యలో పామర్రులో ఇద్దరికీ ఎవరూ లేరు. ఆదివారం పొద్దున్న, పామర్రు సెంటరు. ఆకుపచ్చ చున్నీ, చేతిలో నల్ల గొడుగు అని గుర్తులు చెప్పింది. నేను చేతిలో ల్యాబు సీసా పట్టుకుని నిలబడతానన్నాను.

బందరు బస్సు దిగి నేరుగా నా దగ్గరికే వచ్చింది. "మీరేనా?" అంది.

నా పేరు చెబుదామనుకున్నాను. నాకు అన్నిటికన్నా కష్టమైన మాట అదే. పెదాలు బిగుసుకుపోయాయి, మెడ పక్కకు లాగింది, మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయాను. ఆవిడ నేను ఆటపట్టిస్తున్నాననుకుని నవ్వింది. నా ముఖం చూశాక ఆ నవ్వు ఆగిపోయింది.

"అయ్యో, నిజమేనా అండీ?" అంది మెల్లగా.

ఎదురుగా ఉన్న టిఫిన్ హోటల్లో కూర్చున్నాం. సర్వరు వచ్చి ఏం కావాలన్నాడు. నేను పెసరట్టు అనబోయి "పె... పె..." దగ్గరే ఉన్నాను. అతను "పెరుగు వడా?" అంటూనే వంటగది వైపు తిరిగాడు.

"ఆయన చెప్తున్నారు కదండీ, ఒక్క నిమిషం ఆగండి," అంది ఆవిడ.

అతను ఆగాడు. నేను చెప్పాను. కానీ ఆ తర్వాత నా నోట మాట లేదు. సిగ్గుతో పెసరట్టు మాత్రం తిన్నాను. ఆవిడే ఏదో మాట్లాడింది, నేను తలూపాను, చెరువు రైతుల దగ్గర ఊపినట్టే. బస్సు ఎక్కేముందు ఆవిడ నిలబడి, "మీతో అబద్ధం ఆడనండీ. నేను వేరేలా ఊహించుకున్నాను. నన్ను కొంచెం ఆలోచించుకోనివ్వండి" అంది.

ఆ వారమంతా చాట్‌లో ఆవిడ పేరు కనిపించలేదు. నేను మాత్రం రోజూ వెళ్లాను. ఫ్యాను కింద కూర్చుని, ఇదీ తప్పిపోయిన ఇంకో సంబంధమే అని లోలోపల నచ్చజెప్పుకున్నాను. ఈసారి తేలిగ్గా అనిపించలేదు.

మళ్లీ సోమవారం మధ్యాహ్నం ఆవిడ వచ్చింది.

"మీ నత్తి గురించి నేనేమీ అనుకోలేదు. నాకు కోపం వచ్చింది దానికి కాదు. రోజూ నన్ను ఇన్‌స్టిట్యూట్‌లో పడీపడీ నవ్వించే మనిషి హోటల్లో ఒక్క జోకు వెయ్యలేదు. ఆయన ఎక్కడికెళ్లారు?"

"లోపలే ఉన్నాడండీ. మాట కోసం ఎదురుచూస్తున్నాడు," అని రాశాను.

"అయితే వచ్చే ఆదివారం ఆయన్నే తీసుకురండి. మాటకు ఎంతసేపు పట్టినా సరే, నాకు బస్సుల తొందరేం లేదు."

అదే హోటలు, అదే బల్ల. ఈసారి నేను ఒక కథ మొదలుపెట్టాను. బంటుమిల్లి దగ్గర ఒక రైతు చెరువు నీళ్లు పరీక్షకు పంపాడు. శుభ్రమైన సీసా దొరక్క బ్రాందీ సీసా కడిగి, అందులో పోసి బావమరిదికి ఇచ్చాడు. బావమరిదికి లోపల ఉన్నదేంటో చెప్పలేదు. అతను ల్యాబుకి వచ్చేసరికి సీసా సగం ఖాళీ. మిగతా నీళ్లేవండీ అని అడిగితే, అతను మూతి తుడుచుకుని చాలా సీరియస్‌గా ఒక మాట అన్నాడు. ఆ మాట దగ్గరే నాకు అడ్డం పడింది. ఆవిడ చెయ్యి గడ్డం కింద పెట్టుకుని అలాగే చూస్తోంది. అందించలేదు, కళ్లు తిప్పుకోలేదు. చివరికి వచ్చింది.

"ఉప్పు కొంచెం ఎక్కువే ఉందండీ, రాసుకోండి, అన్నాడు."

ఆవిడ నవ్విన నవ్వుకి పక్క బల్లవాళ్లు తిరిగి చూశారు. ఎవరైనా నవ్వితే నన్ను చూసేనేమోనని భయపడుతూ పెరిగినవాణ్ణి. నేను చెప్పినదానికి నా ఎదురుగా ఒకరు నవ్వడం ఎలా ఉంటుందో ఆరోజే తెలిసింది. అక్కడి నుంచి ఇంకో రెండు కథలు చెప్పాను. బస్సులు వెళ్లిపోతూనే ఉన్నాయి.

ఆ తర్వాతవి అంత తేలిగ్గా జరగలేదు. మాది వ్యవసాయం, వాళ్లది తరతరాలుగా పంతుళ్ల కుటుంబం. కులాలు వేరు. వాళ్లమ్మగారు "నెట్‌లో పరిచయమేంటే, ముక్కూ మొహం తెలీకుండా!" అని చాలా రోజులు ఏడ్చారట. మా మావయ్య "మితభాషి అని నేను ఇన్నాళ్లు కాపాడుకొస్తే, వెళ్లి వెళ్లి నెట్‌లో చెప్పుకున్నావా" అని తలపట్టుకున్నాడు. అమ్మ మాత్రం నన్ను ఒక్కటే అడిగింది.

"ఆ అమ్మాయికి నీ సంగతి తెలుసా?"

"మొ... మొదటే చెప్పానమ్మా."

అంతే, అమ్మ మావయ్యను ఒప్పించే పని తన మీద వేసుకుంది.

దాదాపు ఏడాది నలిగాక, వాళ్ల నాన్నగారు నన్ను ఒకసారి ఇంటికి రమ్మన్నారు. హైస్కూలు హెడ్మాస్టరుగా చేసి రిటైరైన మనిషి. అంతవరకు ఇంట్లో నా ఊసెత్తితే విననివారు. వరండాలో ఎదురుగా కుర్చీ చూపించి, ఏం చేస్తుంటావని అడిగారు.

"నీ... నీ..."

"నీటిపారుదల శాఖా?" అన్నారాయన. ముఖం వెలిగిపోయింది. కూతురు గవర్నమెంటు ఉద్యోగం అని ఎందుకు చెప్పలేదోనని లోపలికి చూశారు.

గుమ్మంలో ఉన్న ఆవిడ నవ్వాపుకుంటూ, "నాన్నా, ఆయన మాట మీరు పూర్తిచెయ్యకండి. ఆయనకొచ్చు," అంది.

"నీళ్ల ప... పరీక్ష చేస్తానండీ. చెరువుల నీళ్లు," అన్నాను.

"నా క్లాసులో నీలాంటి పిల్లవాడు ఒకడుండేవాడు. తొందరపెట్టకూడదని వాడి తల్లికి చెప్పింది నేనే. చూశావా, ఇప్పుడు నేనే తొందరపడ్డాను," అన్నారాయన. కాఫీ తెప్పించి, చెరువుల గురించి ఇంకా చాలా అడిగారు. ప్రతి జవాబుకీ ఆగారు. ఆగడం ఆయనకు కష్టంగానే ఉంది, కుర్చీ చేతిమీద వేళ్లు ఆడుతూనే ఉన్నాయి.

పెళ్లి బందరులో చేశారు, ఆర్భాటం లేకుండా. వాళ్ల బంధువుల్లో సగంమంది రాలేదు. వచ్చినవాళ్లు మేమిద్దరం ఎలా కలిశామని అడిగితే, మా మావయ్యే ముందుకొచ్చి "కంప్యూటరులోనండీ!" అని గర్వంగా చెప్పడం మొదలుపెట్టాడు.

గుడివాడలో ఒక పోర్షన్ అద్దెకు తీసుకున్నాం. ఆవిడ అక్కడే ఇంకో ఇన్‌స్టిట్యూట్‌లో చేరింది. మా అమ్మాయి కడుపులో ఉన్నప్పుడు ఒక సాయంత్రం నా భయం బయటపెట్టాను. పుట్టేవాళ్లకు కూడా నత్తి వస్తుందేమో అన్నాను. ఆవిడ చిక్కుళ్లు ఒలుస్తూ తల కూడా ఎత్తలేదు.

"వస్తే రానివ్వండి. ఇంట్లో ఇద్దరు నిదానంగా మాట్లాడతారు, నేనొక్కదాన్నే గబగబా. నాక్కూడా కాస్త వినడం అలవాటవుతుంది."