ఇంటర్వెల్‌ల నా చేతికొచ్చిన ఫోన్

మొన్న ఎండాకాలం మా బిడ్డ మానసను ఇబ్రహీంపట్నంల సినిమాకు తోలుకపోయిన. శేరిగూడ కాలేజీల ఇంజినీరింగ్ రెండో ఏడు చదువుతది. తల్లిదండ్రులు, పిల్లల మీద తీసిన నవ్వుల సినిమా అన్నరు, సరే అనుకున్న.

అర్ధగంట కాంగనే తెర మీది తండ్రి, బిడ్డ చూడకుంట ఆమె ఫోన్ తెరిచి చదవబట్టిండు. హాలంత పడి పడి నవ్వుతుంటే నాకు ఏసీల చెమటలు పట్టినయ్. సినిమాకు వారం ముంగట నేను చేసింది గదే. మానస లాక్ తీసేటప్పుడు వెనుక నిలబడి నంబర్ చూసిపెట్టుకున్న, ఆమె స్నానానికి పోయినప్పుడు ఫోన్ తెరిచిన. దోస్తుల ముచ్చట్లు, పరీక్షల ఫికర్ తప్ప ఏం దొరకలె.

పక్కకు చూద్దామంటే మెడ తిరుగలె. ఆమె నవ్వు ఒక్కటే వినవస్తలేదు. తెలిసిందా, తెల్వదా అనుకుంట ఇంటర్వెల్ దాక తెర దిక్కే చూసుకుంట కూసున్న.

లైట్లు రాంగనే మానస లేసి తన ఫోన్ నా చేతుల పెట్టింది.

"జర పట్టుకో బాపు, సమోసలు తెస్త. లాక్ మార్చిన. నువ్వు మరిచిపోకుంట నీ బండి నంబరే పెట్టిన."

నాలుగంకెలే. ఇయ్యాల్టిదాక ఒక్కసారి గూడ కొట్టలేకపోయిన.