వెండెల్ క్రెబ్స్ చెవులు

గొర్రెలు ఈనే కాలం వచ్చిందంటే చుట్టుపక్కల నలభై మైళ్ళ మేర మందలవాళ్ళందరూ వెండెల్ క్రెబ్స్‌కి కబురు పెట్టేవాళ్ళు. వయోమింగ్‌లో ఆ మూల ఎటు చూసినా సేజ్ పొదలు, ఎర్రమట్టి గుట్టలు, గాలి. ఆ పొదల్లో కయోటీలు. నక్క కంటే పెద్దవి, తోడేలు కంటే చిన్నవి. ఒక్క వారంలో ఇరవై గొర్రెపిల్లల్ని మాయం చేసేవి. తుపాకీ అందరి దగ్గరా ఉండేది గానీ, కయోటీని తుపాకీ ముందుకి రప్పించడం వెండెల్‌కి తప్ప ఎవరికీ చేతనయ్యేది కాదు.

ఆ విద్య అతనికి ఎవరూ నేర్పలేదు. చిన్నతనంలో తండ్రి మందను కాస్తూ గుట్టల మీద గడిపిన వేసవుల్లో విని విని పట్టుకున్నాడు. పొద్దు వాలే వేళ గుట్ట అవతల పదిహేను గొంతులు ఒక్కసారి గోల పెడితే కొత్తగా వచ్చిన కాపరులు హడలిపోయేవాళ్ళు. వెండెల్ తల కాస్త పక్కకి వంచి విని, "రెండే. మొగుడూ పెళ్ళామూ," అనేవాడు. గొంతు మార్చి మార్చి అరిస్తే రెండు కయోటీలే గుంపులా వినిపిస్తాయి. ఒంటరిగా సాగదీసి ఏడ్చేది తోడు వెతుక్కుంటోందనీ, తెంపి తెంపి మొరిగి చివర కూత పెట్టేది తన చోటులోకి రావద్దంటోందనీ అతనికి తెలుసు. ఏ కూతకి ఏ కూతతో బదులివ్వాలో కూడా తెలుసు.

అతని పనిముట్లు రెండే. ఒకటి గొంతు, రెండోది చేతిలో ఇమిడే చెక్క బూర. బూర ఊదితే ప్రాణం పోతున్న కుందేలు అరుపే. చలికాలపు ఆకలి మీద ఉన్న కయోటీ మైలు దూరం నుంచి ఆ అరుపుకి వచ్చేది. మంచు కింద ఎలుక కదిలితే కనిపెట్టే చెవులు వాటివి. స్వరం ఏమాత్రం తేడా వచ్చినా ఉన్నచోటే ఆగిపోయి వెనక్కి తిరిగేవి. వసంతంలో కూన ఏడ్చినట్టు ఏడిస్తే తల్లి పరుగెత్తుకొచ్చేది. ఆ పని అతనికి ఇష్టం లేదు. మందలవాళ్ళు అడిగితే చేసేవాడు. చేసిన రోజున కంచంలో అన్నీ మిగిల్చి లేచిపోయేవాడు.

వేటలో అతని జోడు బావమరిది ఆరిన్ ప్రూయిట్, భార్య ఓపల్‌కి తమ్ముడు. వసంతం నుంచి వేసవి దాకా ఊరూరూ తిరిగి గొర్రెల ఉన్ని కత్తిరించేవాడు. రోజుకి నూట యాభై గొర్రెల్ని ఒక్క గాటు పడకుండా వదిలేవాడు. చలికాలంలో అతనికి పని ఉండదు, బావ వెంట వచ్చేవాడు. కయోటీ పిలుపు విన్నా తిన్నగా రాదు, గాలి వాలుకి చుట్టు తిరిగి వాసన చూసుకుని వస్తుంది. అందుకని వెండెల్ ఒకచోట కూర్చుని పిలిస్తే, ఆరిన్ గాలి వాలున కొంచెం దూరంలో పొంచి ఉండేవాడు. ఇద్దరికీ ఒకటే కట్టుబాటు. ఎవరు చోటు నుంచి కదలాలన్నా ముందు రెండు ఈలలు వేయాలి. ఈల వినగానే రెండోవాడు తుపాకీ కింద పెట్టాలి. పద్దెనిమిదేళ్ళు అలాగే నడిచింది.

చెవులు పోవడం ఒక్కరోజులో జరగలేదు. ముప్ఫై ఏళ్ళు చెంప పక్కన తుపాకీ పేలుతూ ఉంటే ఎవరి చెవులైనా ఎన్నాళ్ళుంటాయి? ముందు సన్నటి చప్పుళ్ళు పోయాయి. ఒక వేసవి సాయంత్రం వాకిట్లో కూర్చున్నప్పుడు ఓపల్, "ఈ కీచురాళ్ళేమిటయ్యా ఇవాళ చెవులు తినేస్తున్నాయి!" అంది. వెండెల్ అవునన్నట్టు తలూపాడు. అతనికేమీ వినపడలేదు. ఇంకోరోజు పొయ్యి మీద కెటిల్ ఈల వేసి వేసి అడుగంటిపోయింది. అతను పక్కనే కూర్చుని పేపరు చదువుకుంటున్నాడు.

"చెవుడొచ్చిందా ఏం?" అంది ఓపల్ మసిబట్టతో కెటిల్ దించుతూ.

"నీ మాటలు వినీ వినీ వచ్చుంటుంది," అని నవ్వించాడు. ఆమె నవ్వి ఊరుకుంది.

ఆ శరత్కాలంలో బూరలోని సన్నటి రేకు చీలింది. ఆ సంగతి అతనికి తెలియలేదు. వారం రోజులు ఊదినా ఒక్క కయోటీ రాలేదు.

"బావా, బూర పగిలిన గొంతుతో కూస్తోంది. రేకు చూసుకో," అన్నాడు ఆరిన్.

"నా బూర సంగతి నాకు తెలీదా? ముందు నువ్వు కదలకుండా కూర్చోవడం నేర్చుకో," అని విరుచుకుపడ్డాడు వెండెల్. ఇంటికెళ్ళాక గొడ్లసావిట్లో ఒంటరిగా కూర్చుని రేకు బయటికి తీసి వెలుగులో పెట్టి చూశాడు. నిలువునా చీలి ఉంది. కొత్త రేకు వేశాడు గానీ ఎవరికీ ఏమీ చెప్పలేదు. కయోటీల భాష తెలిసినవాడని పేరున్న మనిషి, ఇక వినపడటం లేదని ఏ నోటితో చెబుతాడు?

అప్పటినుంచి ఒక ఉపాయం పట్టాడు. కూత పెట్టి ఆరిన్ ముఖం చూసేవాడు. ఆరిన్ తల ఎటు తిరిగితే తనూ అటే తిప్పి, తనే ముందు విన్నట్టు వేలు చూపించేవాడు.

ఫిబ్రవరిలో, కయోటీలు జతకట్టే రోజుల్లో, ఒక మందవాడు కబురు పెడితే ఇద్దరూ పొద్దున్నే బయల్దేరారు. మోకాలి లోతు మంచు పడి ఉంది. ఆరిన్ నెత్తిన కయోటీ తోలు టోపీ ఉంది, ఓపల్ స్వయంగా కుట్టి ఇచ్చింది. గుట్టకి ఇవతల వెండెల్, అవతల ఆరిన్ కూర్చున్నారు. మధ్యలో గుట్ట అడ్డం. ఆ రోజు వెండెల్‌కి చూసుకోవడానికి ఆరిన్ ముఖం లేదు.

తోడు వెతుక్కునే ఆడ కయోటీలా మూడుసార్లు కూత పెట్టాడు. బదులు వచ్చిందో రాలేదో తెలియలేదు. అరగంట గడిచింది. గాలి దిశ మారింది. గాలి మారితే కూర్చున్న చోటు పనికిరాదు. ఆరిన్ లేచి, గుట్ట కింద ఎండిన వాగులోంచి చుట్టు తిరిగి బావ దగ్గరికి వస్తున్నాడు. వెండెల్‌కి కనిపించిందల్లా వాగు గట్టున పొదల మధ్య బూడిదరంగు బొచ్చు. ముందుకి జరిగింది, ఆగింది, మళ్ళీ జరిగింది. కాల్చాడు.

గుండు ఆరిన్ కుడి మోచేతిని పిండి చేసింది. వెండెల్ తన బెల్టుతో చెయ్యి పైన బిగించి కట్టాడు, మనిషిని భుజాన వేసుకుని ట్రక్కు దాకా మోశాడు. ముప్ఫై మైళ్ళ దారంతా ఆరిన్ పెదాలు కదులుతూనే ఉన్నాయి. ఇంజను హోరులో వెండెల్‌కి ఒక్క ముక్క అర్థం కాలేదు. "వచ్చేశాం, వచ్చేశాం," అంటూ తోలాడు. ఆసుపత్రివాళ్ళు మోచేతి పైదాకా చెయ్యి తీసేశారు.

పోలీసు విచారణకి షెరిఫ్ మనిషి వచ్చి ఆసుపత్రి వరండాలో పక్కన కూర్చున్నాడు. అతనికీ వీళ్ళ కట్టుబాటు తెలుసు. "ఈల వేశాడా, వెండెల్?"

"వెయ్యలేదు."

ఆ మాట ఆలోచించి అన్నది కాదు. తను వినలేదు కాబట్టి వేయలేదు, అంతే. ఆ మాటలోని అబద్ధం అతనికి తెలిసింది అన్న తర్వాత. మర్నాడు ఆరిన్‌ని అడిగారు. ఆరిన్ పైకప్పు చూస్తూ, "మరిచిపోయుంటాను," అన్నాడు.

అంతే, తప్పు ఆరిన్‌దయింది. ఒంటిచేత్తో గొర్రెని పట్టుకుని ఉన్ని కత్తిరించడం కుదరదు. ఊరి చివర ఒక ట్రైలర్‌లో, చక్రాల మీది రేకుల గదిలో, చేరాడు. ఓపల్ వారానికోసారి బ్రెడ్డూ, గొర్రెమాంసం కూరా పట్టుకెళ్ళి తమ్ముణ్ణి తిట్టి వచ్చేది. "ఒక్క ఈల వేస్తే నీ సొమ్మేం పోయిందిరా!" అనేది. ఆరిన్ ఎడమచేత్తో కూర గిన్నె అందుకునేవాడు. ఆమెని దించి ట్రక్కులోనే కూర్చున్న వెండెల్, గుమ్మంలో నిలబడ్డ ఆమె పెదాల కదలిక చూసేవాడు. ఆ మాట మాత్రం అతనికి వినపడకపోయినా తెలిసేది. అలా రెండేళ్ళు గడిచాయి.

మూడో ఏడు మార్చిలో ఒక ఉదయం వెండెల్ దొడ్డికి కంచె తీగ బిగిస్తున్నాడు. వెనక నుంచి ఓపల్ భోజనానికి పిలిచింది. పలకలేదు. ఆమె ఇంకో నాలుగడుగులు వేసి ఆగింది. ఏమనిపించిందో ఏమో, చిన్నప్పుడు తమ్ముడితో కలిసి నేర్చుకున్నట్టే రెండు వేళ్ళు నోట్లో పెట్టి గట్టిగా ఈల వేసింది. దొడ్డిలో గొర్రెలన్నీ తలలెత్తాయి. వెండెల్ తీగ చుడుతూనే ఉన్నాడు. ఆమె రెండోసారి వేసింది.

గొర్రెలన్నీ తన వెనకవైపే చూస్తుండటం గమనించి అతను తిరిగాడు. వేళ్ళు ఇంకా పెదాల దగ్గరే పెట్టుకుని ఓపల్ నిలబడి ఉంది.

"ఎన్నాళ్ళుగా?" అంది.

అతను తీగ కింద పడేశాడు.

"మావాడు ఈల వేశాడు కదూ?"

"వేసే ఉంటాడు," అన్నాడు వెండెల్. "నేను వినలేదు."

"వెయ్యలేదని చెప్పావు! రెండేళ్ళు నా చేత వాణ్ణి తిట్టించావు. పక్కనే కూర్చుని చూశావు!" అని ఏడుస్తూ లోపలికి వెళ్ళిపోయింది.

ఆ మధ్యాహ్నమే అతను ట్రైలర్‌కి వెళ్ళాడు. ఆరిన్ ఎడమచేత్తో కాఫీ పోసి ముందు పెట్టాడు. ముఖంలోకి చూస్తూ, పెదాలు బాగా కదిలిస్తూ మాట్లాడాడు. అంటే చెవుడు సంగతి అతనికి ముందే తెలుసన్నమాట.

"రేకు చీలిన రోజునే తెలిసింది బావా. అందుకే రెండు కాదు, నాలుగు ఈలలు వేశాను. నీకు వినపడదేమో అనుకుంటూనే లేచాను. గాలి మారింది, చలికి కాళ్ళు కొయ్యబారిపోయాయి. నా తెలివి అంతే."

"మరి మరిచిపోయానని ఎందుకన్నావురా?"

"నువ్వు అప్పటికే చెప్పేశావుగా. నిన్ను అబద్ధాలకోరుని చేస్తే నా చెయ్యి మొలుస్తుందా? మా అక్క బతకాల్సింది నీ దగ్గరేగా."

"షెరిఫ్ దగ్గరికెళ్ళి నిజం చెప్పేస్తాను."

"చెప్పుకో. అది నీకోసం చెప్పుకో, నాకోసం కాదు." ఆరిన్ తన కప్పులో కాఫీ పోసుకున్నాడు. "నీమీద కోపం లేదనుకోకు బావా. ఉంది. పొద్దున చొక్కా గుండీలు పెట్టుకునేటప్పుడు రోజూ ఉంటుంది."

వెండెల్ చెప్పాడు. షెరిఫ్ మనిషి రాసుకున్నాడు. కేసేమీ కాలేదు. వారం తిరిగేసరికి సంగతి అందరికీ తెలిసింది, మళ్ళీ ఏ మందవాడూ కబురు పెట్టలేదు. ఆ వేసవిలో ఓపల్ పెట్టె సర్దుకుని తమ్ముడి దగ్గరికి వెళ్ళిపోయింది. ఆదివారాలు వచ్చి ఇల్లు ఊడ్చి, వారానికి సరిపడా వండిపెట్టి వెళ్ళేది. మాట అవసరమైతే కాగితం మీద రాసేది.

వెండెల్ గొర్రెల్ని అమ్మేసి ఒక్కడే ఉండిపోయాడు. చలికాలంలో అతని పెరటి వెనకే కయోటీలు గోల పెడుతున్నాయని రోడ్డున పోయేవాళ్ళు చెప్పుకునేవాళ్ళు. పొద్దున్నే తలుపు తీసి, మంచులో గుమ్మం దాకా వచ్చి వెనక్కి తిరిగిన అడుగుజాడలు చూసి, రాత్రి వచ్చాయని అతను తెలుసుకునేవాడు.