ఆ ఓటు తనదేనన్న మా మేనత్త

మొన్న తెల్లవారుతూనే ఫోనొచ్చింది. మా మేనత్త పోయింది. చెప్పినతను పక్క ఊరి ఆటో డ్రైవరు. సొంత ఊళ్లో అంతమంది ఉండగా ఆ కబురు బయటి మనిషి చెప్పాల్సి వచ్చింది. "బేగి రండమ్మా, మొయ్యడానికి మనిసి లేడిక్కడ" అన్నాడు. నెల్లిమర్లలో బస్సెక్కిన దగ్గర్నుంచి నా ఏడుపంతా ఆ మాట గురించే.

అత్తది శ్రీకాకుళం దగ్గర సముద్రపొడ్డు ఊరు. పిల్లల్లేరు. మావయ్య పోయాక గంప నెత్తిన పెట్టుకుని అరసవల్లి దాకా వెళ్లి చేపలమ్ముకునేది. "సేపని సూసి బేరమాడు, నా మొకం సూసి కాదు" అని కొనేవాళ్లనే దబాయించేది. నేను వెళ్తే ముందు తిట్లు, తర్వాతే అన్నం. "ఒసే, ఇన్నాళ్లకి దారి తెలిసిందేటి?" అని మొదలుపెట్టి, మంచి ముక్కలన్నీ నా కంచంలోకే తోసేది. అంత ప్రేమగా నన్ను తిట్టేవాళ్లు ఇంకెవరూ లేరు.

ఓట్ల రోజు ఆవిడ హడావిడి చూడాలి. తలంటుకుని, ఉతికిన చీర కట్టుకుని, బడి గేటు తీయకముందే వరుసలో నిలబడేది. ఎవరికేశావత్తా అంటే, "ఏసేముందు ఎంతైనా కొట్లాడు. ఏసినాక నోరు ముయ్యి" అనేది.

ఆ ఊళ్లో ఎవరికెయ్యాలని ఇంటింటా ఆలోచించుకోరు. పెద్దలు గంగమ్మ గుడి దగ్గర కూర్చుని ఒక మాట అనుకుంటారు, ఊరంతా ఆ గుర్తుకే నొక్కుతుంది. రేపు రేవు కావాలన్నా రోడ్డు కావాలన్నా అందరం ఒకటిగా ఉంటేనే కదా నాయకులు వింటారు అంటారు. అది అబద్ధమని నేననను. కానీ లెక్కింపయ్యాక ఏ బూతులో ఎవరికెన్ని పడ్డాయో బయటికొస్తుంది. పోయిన ఎన్నికల్లో ఆ ఊరి బూతులో అవతలి గుర్తుకు ఒక్క ఓటు పడింది.

దానికోసం ఊరందరినీ గుడి ముందు వరుసగా నిలబెట్టారు. అరచేతిలో కర్పూరం వెలిగించి, అది నాది కాదని అమ్మవారి మీద ప్రమాణం చెయ్యాలట. చాటున వేసే ఓటుకు ప్రమాణమేమిటి, నా తలకాయ! సముద్రం మీద బతికేవాళ్లు గంగమ్మ ముందు అబద్ధమాడరని వాళ్లకు తెలుసు. వరుస సగమన్నా కాకముందే అత్త ముందుకొచ్చింది. "నాదే. ఏటి సేస్తారో సెయ్యండి" అంది.

వెలేశారు. ఒడ్డున ఆవిడకు ఎవరూ చేప అమ్మలేదు, గుమ్మంలోకి ఎవరూ రాలేదు. పక్క ఊరి నుంచి ఈ ఆటో అతని బండిలో సరుకు తెచ్చుకుని బతికింది. పోలీసులకు చెబుదామంటే నా మీద ఇంతెత్తున లేచింది. "నువ్వు బస్సెక్కి ఎలిపోతావు. ఈళ్ల మద్దిన ఉండాల్సింది నేను." ఆవిడ వద్దన్నాక ఊరుకోక ఏం చెయ్యను? ఆ ఊరి మీద నా కోపం మాత్రం ఇప్పటికీ చల్లారలేదు.

నేను వెళ్లేసరికి ఆటో అతను ఒక్కడే వెదుళ్లు తెచ్చి పాడె కడుతున్నాడు. ఊరి మగాళ్లు వలలు బాగుచేసుకునే చోట నిలబడి చూస్తున్నారు. ఒక్కరూ ఇటు రాలేదు. అత్తను మేమిద్దరం పాడె మీదికి చేర్చాక, వెలి వేయించిన పెద్దాయన భార్య వచ్చింది. అత్త కాళ్ల దగ్గర కూలబడి అందరూ వినేలా ఏడ్చింది.

"ఆ ఓటు నాదమ్మా! వరసలో నా ముందు నువ్వున్నావు. నేను ఎనక్కి జరిగిపోడం సూసి నువ్వు ముందుకెలిపోనావు. నేను నోరిప్పలేకపోనాను."

పెద్దాయన వలల దగ్గర్నుంచే చెయ్యెత్తాడు. "ఇంటికి నడు" అన్నాడు.

ఆవిడ లేచి కొంగు బిగించి, పాడె ముందు కర్ర కింద భుజం పెట్టింది. మా వైపు ఆడవాళ్లు పాడె మోయరు. రెండో కర్ర కింద నేను భుజం పెట్టాను. వెనక ఒకటి ఆటో అతను అందుకున్నాడు.

"రండ్రా, ఎవులొచ్చినా పర్లేదు" అందావిడ, తల తిప్పకుండా.

మగాళ్లు ఒకరి ముఖాలొకరు చూసుకుంటున్నారు. పాడె మూడు మూలలు లేచాయి, నాలుగోది ఇంకా ఇసుకలోనే ఉంది.