ఆగబోయే రైలుకు పులిహోర

తెలంగాణ ఉద్యమం రోజుల్లో కాచిగూడలో కర్నూలు రైలెక్కాలని ఎల్బీనగర్‌లో షేర్ ఆటో ఎక్కాను. పక్కన ఒక పెద్దావిడ ఒడిలో పెద్ద గిన్నె పెట్టుకుని కూర్చుంది.

"నీ రైలు మలక్‌పేట దాటదు బిడ్డా. మేం పట్టాల మీద కూసుంటున్నం," అంది నా చేతిలోని కర్నూలు టికెట్ చూసి.

నా యాస బయటపడుతుందని జంకుతూనే, గిన్నెలో భోజనం మీవాళ్లకా అని అడిగాను.

"రైల్ల ఉన్నోళ్లకు. మా ఆయన రైల్ల బాంబు పేలి పోయిండు. ఎవరి మీదనో కోపం, రైలెక్కినోళ్ల మీద తీసిన్రు. మేం రైలు ఆపుతం గని, లోపలున్నోళ్లను ఉపాసం ఉంచం."

దిల్‌సుఖ్‌నగర్ దాటాక మూత తీసి, కాగితం ప్లేటులో పులిహోర పెట్టి నాకిచ్చింది.

"నువ్వు గూడ గా రైలోనివే గదా, తిను. పిల్లలుంటరని మిరపకాయలు తక్కువేసిన."