దింపు తీసిన తోటలో కంటిన్యుటీ

రిటైరవడానికి ముందు నేను చేసిన ఆఖరి సీరియల్‌కి, కరోనా తగ్గిన మరుసటి ఏడాది, అప్పనపల్లి దగ్గర ఓ కొబ్బరితోటలో షూటింగు పడింది. నా హోదా ప్రొడక్షన్ మేనేజరు. కంటిన్యుటీ కూడా నాదే. అంటే నిన్నటి షాటులో ఏ వస్తువు ఎక్కడుందో ఇవాళ కూడా అక్కడే ఉండేలా చూడటం. ఈ రంగంలో నేను చెయ్యని పని లేదు. సెట్లకు రంగులు వేశాను, గేదెలకు డబ్బింగు చెప్పాను, మనుషులు తక్కువైనప్పుడల్లా శవంగా పడుకున్నాను. డైరెక్టర్లు నన్ను మెచ్చుకున్నది శవం వేషంలోనే, అప్పుడు మాట్లాడను కాబట్టి.

మొదటిరోజు కథానాయిక చెట్టుకింద నులకమంచం మీద కూర్చుని, ఈ పెళ్లి వద్దని తండ్రితో చెప్పే సీను సగం తీశాం. ఫ్రేము పైభాగమంతా కొబ్బరిగెలలే. మిగతా సగం మర్నాటికి పెట్టుకున్నాం. ఆ సాయంత్రమే ఆవిడ రాజమండ్రిలో విమానం ఎక్కాలి, మళ్లీ నెలదాకా దొరకదు. సీను పూర్తికాకపోతే ఆ వారం ఛానెల్‌కి ఇవ్వడానికి మా దగ్గర ఎపిసోడ్ లేదు.

ప్యాకప్ చెప్పాక తోట యజమాని సత్తిరాజుగారికి కంటిన్యుటీ మీద పెద్ద ఉపన్యాసం ఇచ్చాను. మంచం, బిందె ఇక్కడే ఉండాలి, ఎండుటాకులు కూడా ఊడవకూడదన్నాను. ఆయన ప్రతి మాటకీ "ఆయ్" అన్నారు.

మర్నాడు వెళ్లేసరికి మంచం, బిందె, ఎండుటాకులు ఎక్కడివక్కడే ఉన్నాయి. చెట్ల మీద మాత్రం ఒక్క కాయ లేదు.

"తెల్లారగానే దింపు తీయించేసేనండి. అమ్మాయిగారి నెత్తి మీద కాయ పడితే మా పరువేం కావాలండి?" అన్నారు సత్తిరాజుగారు. మంచం పక్కకు జరిపి, కాయలు దింపి ఏరించి, మళ్లీ అవే గుర్తుల మీద అన్నీ సర్దించారట. ఆయన్ని ఏమనడానికీ లేదు. నా ఉపన్యాసమంతా నేలమీదే నడిచింది.

మా డైరెక్టరు చిన్నపిల్ల. "బాబాయిగారూ, క్లోజప్పులు తీసేసుకుందామండీ, ఫ్రేములో చెట్లు పడవు కదా" అంది. నేను ససేమిరా అన్నాను. నా సర్వీసులో కంటిన్యుటీ తప్పలేదని, జనం నవ్వుతారని వాదించాను. పెద్దవాణ్నని పాపం ఊరుకుంది.

కాయల్ని ఇనుపతీగతో గెలలుగా కట్టించాను. పొద్దున్న దింపు తీసిన పోలయ్యే మళ్లీ చెట్టెక్కాడు. "ఇన్నేళ్లూ దింపడమేనండి బాబూ, కాయలు పైకెక్కించడం ఇదే మొదలండి" అన్నాడు. అంతా అయ్యేసరికి భోజనాల వేళ దాటింది. తలెత్తి చూసుకుని మురిసిపోయాను. చెట్టు కూడా అంత నిండుగా కాయలేదనిపించింది.

కెమెరా తిరిగింది. కథానాయిక నోరు తెరిచిందో లేదో, నేను కట్టించిన తీగ జారి ఓ కాయ దబ్బున మంచం కోడు పక్కన పడింది.

"అందుకేనండి దింపించేను" అన్నారు సత్తిరాజుగారు, చాలా మెల్లగా.

ఆవిడ ఇక ఆ చెట్టుకిందికి రానంది. రానన్నందుకు ఆవిణ్ణి తప్పు పట్టలేను. పొద్దు వాలుతోంది. ఇంటి అరుగు మీద గోడ పక్కన కూర్చోబెట్టి, డైరెక్టరమ్మాయి పొద్దున్నే చెప్పిన క్లోజప్పులే సీనంతటికీ ఆదరాబాదరాగా తీశాం. విమానం అందింది, ఎపిసోడ్ దక్కింది. గోడతో కలవడం లేదని ఎడిటరు మొదటిరోజు తీసిన చెట్ల షాట్లన్నీ కోసేశాడు.

ప్రసారమైన రాత్రి సత్తిరాజుగారు ఫోన్ చేశారు. తోట టీవీలో పడుతుందని మస్కట్‌లో ఉన్న తమ్ముడిక్కూడా చెప్పి, ఇంటిల్లిపాదీ కూర్చుని చూశారట. "తోట ఎక్కడా కనపడలేదండి" అన్నారు. మళ్లీ ఆయనే, "గోడ మాత్రం చాలా బాగా పడిందండి" అన్నారు. నాకు నిజంగా సిగ్గేసింది.

కంటిన్యుటీ చూసేవాడు నేలతోపాటు పైకి కూడా చూడాలి. అంతకంటే ముందు, అసలు ఫ్రేములో ఏం పడుతుందో డైరెక్టర్ని అడగాలి. ఈ రెండోది ఉద్యోగంలో చేరిన మొదటి రోజునే నేర్పుతారు. నాకు ఆఖరి సీరియల్‌లో వంటబట్టింది.